పూసలరేవు బండి ఆలస్యానికి కారణం

జీలుగువలసలో రోజూ సాయంత్రం ఆరూ పదికి రైలు గంట మోగుతుంది. రైలు మాత్రం రాదు. నూట ఇరవై ఏడేళ్లుగా రావడం లేదు. ఈ సంగతి ఊళ్లో అందరికీ తెలిసిందే గానీ, గంట మోగగానే బెల్లం మార్కెట్లో కాటాలు దించేస్తారు, దర్జీ మిషను మీద గుడ్డ కప్పేస్తాడు, టీ కొట్టు గంగులు రెండో డికాక్షనుకి నీళ్లు పెడతాడు. రైలు లేకపోయినా బతకొచ్చు గానీ టైము లేకపోతే ఎలాగన్నది మనవాళ్ల వాదన.

ఆ గంట కొట్టేది పొట్నూరు వరాహమూర్తి. అరవై రెండు నిండడానికి ఇంకా రెండు నెలలు తక్కువ. తహశీల్దారు ఆఫీసులో సీనియర్ అసిస్టెంటు. ముప్పై ఏడేళ్ల సర్వీసులో ఒక్క ఫైలు పోగొట్టలేదు, ఒక్క ఫైలు తొందరగా కదల్చనూ లేదు. రెండూ ఆయనకు గర్వకారణాలే. అయితే ఆ ఉద్యోగం తిండికోసం చేసేది. అసలు హోదా వేరే ఉంది. ఆయన పూసలరేవు–జీలుగువలస లైట్ రైల్వే కంపెనీకి నాలుగో తరం స్టేషన్ మాస్టరు.

ఆ కంపెనీ చరిత్రను వరాహమూర్తి రెండొందల పన్నెండు పేజీల్లో రాశాడు. మనకంత ఓపిక లేదు కాబట్టి క్లుప్తంగా చెప్పుకుందాం. పద్దెనిమిది వందల ఎనభై ఆరులో ఒక జమీందారూ ఒక తెల్లదొరా కలిసి రేవు నుంచి సంత దాకా పదకొండు మైళ్లు సన్న పట్టాలు వేయించారు. నువ్వులు, గోగునార, బెల్లం రేవుకి పోయేవి. రేవు నుంచి ఉప్పూ గొడుగులూ వచ్చేవి. ఉన్న ఇంజను ఒక్కటే. దారిలో ఇసుక దిబ్బ ఎత్తు ఎక్కలేక అది ఆగిపోతే ప్రయాణికులు దిగి తోసేవారు. తోసేవాళ్లని ప్రయాణికులనాలా, సిబ్బంది అనాలా అన్న విషయం మీద డైరెక్టర్లు నాలుగేళ్లు చర్చించి కమిటీ వేశారు. కమిటీ నివేదిక వచ్చేలోపు కంపెనీయే పోయింది.

పోయిన తీరు ఇదీ. 1897 నవంబరు పద్నాలుగున మధ్యాహ్నం, రేవులో బండి సిద్ధంగా ఉందని టెలిగ్రాఫు తీగ మీద కబురు వచ్చింది. దారి ఖాళీగా ఉందని ముందు స్టేషనువాడు మాటిస్తే తప్ప వెనక స్టేషనువాడు బండి వదలకూడదు. దాన్నే లైన్ క్లియర్ అంటారు. జీలుగువలస స్టేషన్ మాస్టరు పొట్నూరు పెంటయ్య లైన్ క్లియర్ ఇచ్చి, రిజిస్టరులో 'బయలుదేరినది' అని రాసి, 'చేరినది' అన్న గడి ఖాళీగా ఉంచి, దీపం వెలిగించుకుని కూర్చున్నాడు. ఆ సాయంత్రం తుఫాను వచ్చింది. బండి ఇసుక దిబ్బ దగ్గర ఆగిపోయింది. ఇరవై ముగ్గురు ప్రయాణికులు దిగి, తోసే ఓపిక లేక ఎవరిళ్లకు వాళ్లు నడిచి పోయారు. రేవు మేట వేసింది. తెల్లదొర ఓడెక్కాడు, జమీందారు మంచమెక్కాడు. కంపెనీ మూసేశామని అందరికీ చెప్పారు, పెంటయ్యకి తప్ప. ఆయనకి చెప్పాల్సిన తీగ తుఫానులో తెగిపోయింది.

రాని బండి కోసం పెంటయ్య ఇరవై ఆరేళ్లు గంట కొట్టాడు. ముసలితనంలో కొడుకుని పిలిచి జాబితా రాసి చార్జి అప్పగించాడు. గంట కింద వాడే పట్టా ముక్క ఒకటి, దాన్ని కొట్టే సుత్తి ఒకటి, చేతి దీపం ఒకటి, ఎర్రజెండా ఒకటి, పచ్చజెండా ఒకటి, రిజిస్టరు ఒకటి. 'పై వస్తువులు ముట్టినవి' అని కొడుకు సంతకం పెట్టాడు. ఆ కొడుకు తన కొడుక్కి అప్పగించాడు, ఆయన వరాహమూర్తికి అప్పగించాడు. ఎవరూ ఎందుకని అడగలేదు. అడగడం మనకి అలవాటు లేదు, సంతకం పెట్టడం అలవాటు.

వరాహమూర్తి భార్య నూకరత్నానికి ఈ రాని రైలు మీద కోపం లేదు గానీ, వచ్చే రైలు మీద ఆశ ఉంది. ఆమె అక్క అప్పలకొండ ఖరగ్‌పూర్‌లో ఉంటుంది. బావ అక్కడ రైల్వే వర్క్‌షాపులో పనిచేసి, అక్కడే ఇల్లు కట్టుకున్నాడు. నిరుడు పోయాడు. నూకరత్నం అక్కని చూసి పందొమ్మిదేళ్లయింది. బావ పోయినప్పుడు కూడా ఫోనులో ఏడ్చిందే తప్ప వెళ్లలేదు. ఎన్నికల డ్యూటీ అని ఒకసారి, జనాభా లెక్కలని ఒకసారి, వరదలని ఒకసారి వరాహమూర్తి టిక్కెట్లు రద్దు చేయించాడు. అసలు అడ్డం గంట. ఆయన ఊళ్లో లేనప్పుడు ఆమె కొట్టాలి, ఆమె లేనప్పుడు ఆయన కొట్టాలి. ఇద్దరూ వెళ్తే కొట్టేవాళ్లు లేరు. ఒక్కతే అంత దూరం వెళ్లడానికి ఆమెకి భయం, పంపడానికి ఆయనకి ఇంకా భయం. గంగులు తాను కొడతానని ఎన్నోసార్లు అన్నాడు. కానీ కంపెనీ రూల్సులో తొమ్మిదో రూలు, చార్జి 'బాధ్యత గల హోదాలో ఉన్న వ్యక్తి'కే ఇవ్వాలంటుంది. టీ కొట్టు ఏ హోదా కిందికి వస్తుందో వరాహమూర్తికి ముప్పై ఏళ్లుగా తేలలేదు.

నవంబరు ముప్పైన రిటైర్మెంటు. డిసెంబరు మూడున ఖరగ్‌పూర్‌కి రెండు బెర్తులు. ఈసారి మాట తప్పనని వరాహమూర్తి ఒట్టు వేశాడు. మరి గంట సంగతేమిటని ఆమె అడిగితే పరిశీలిస్తానన్నాడు. ఫైళ్ల మీద రాసే ఆ మాట ఇంట్లో వినబడేసరికి ఆమెకి సంగతి అర్థమైపోయింది.

ఇంతలో ప్రభుత్వం వారసత్వ సంవత్సరం ప్రకటించింది. ప్రతి మండలమూ పదిహేను రోజుల్లో తన వారసత్వాన్ని ఒకదాన్ని గుర్తించి మూడు ప్రతుల్లో పంపాలి. వారసత్వం లేని మండలాలు, లేకపోవడానికి సంజాయిషీ ఇచ్చుకోవాలి. పక్క మండలంవాళ్లు ఒక పాడుబడ్డ బావి ఫొటో పంపారు. ఆ పక్క మండలంవాళ్లు బావి కూడా దొరక్క మాజీ సర్పంచి ఫొటో పంపారు. జీలుగువలస తహశీల్దారు సుగుణాకర్ కుర్రవాడు, ఉద్యోగం కొత్త, భయం ఎక్కువ. ఆయన వరాహమూర్తిని పిలిచి, మీరేదో రైలు పుస్తకం రాశారట కదా అన్నాడు.

ఆ మాట కోసమే వరాహమూర్తి ఆరేళ్లుగా కాచుకుని ఉన్నాడు. తన చరిత్ర గ్రంథాన్ని మూడొందల కాపీలు వేయిస్తే, రెండొందల ఎనభై ఆయన మంచం కింద ఉన్నాయి. తక్కిన ఇరవై, పుచ్చుకున్నవాళ్ల మంచాల కింద ఉన్నాయి. అందులో నలభై ఏడో పేజీ అంటే ఆయనకి ప్రాణం. గంట టైమూ, కొట్టే పద్ధతీ రాసి, కింద నాలుగు తరాల చార్జి జాబితాల ఫొటో వేశాడు, తన సంతకం అన్నిటికన్నా పెద్దగా కనబడేలా. మూడు కాపీలు అట్ట వేసి వారసత్వ శాఖకి పంపాడు. రిటైరయ్యే రోజు పైనుంచి ఎవరో పెద్దాయన వచ్చి శాలువా కప్పుతారని మనసులో అనుకున్నాడు. శాలువా అంచు ఏ రంగో కూడా అనుకున్నాడు.

పుస్తకాన్ని మొదటి అక్షరం నుంచి చివరి అక్షరం దాకా చదివిన మొదటి మనిషి వారసత్వ శాఖలో ఒక సెక్షన్ అధికారి. తప్పులు పట్టడం ఆయన ఉద్యోగం. శాలువా బదులు మెమో వచ్చింది.

'సదరు గ్రంథమును సమగ్రముగా పరిశీలించిన మీదట, నలభై ఏడవ పేజీ ననుసరించి శ్రీ పొట్నూరు వరాహమూర్తి ప్రస్తుతము జీలుగువలస స్టేషను బాధ్యతల్లో ఉన్నట్లును, తేది 14-11-1897న బయలుదేరిన బండి నేటివరకు చేరినట్లు నమోదు కానట్లును వెల్లడగుచున్నది. సదరు బండి ప్రస్తుతము ఎచట ఉన్నదీ, ఆలస్యమునకు కారణమేమో వారము లోగా తెలుపవలసినది. బండి చేరి, స్టేషను చార్జి మరొకరికి అప్పగించువరకు, సర్క్యులర్ పదిహేడు ప్రకారము వీరిని సర్వీసు నుండి విడుదల చేయుటకు గాని, ఊరు విడిచి వెళ్లుటకు అనుమతించుటకు గాని వీలుపడదు.'

మెమోలో మిగతాదంతా వరాహమూర్తి తట్టుకున్నాడు గానీ, సర్క్యులర్ పదిహేడు దగ్గర ఆగిపోయాడు. పదిహేనేళ్ల కిందట ఒక గుమాస్తా రికార్డు గది తాళం జేబులో వేసుకుని రిటైరైపోయి, కూతురింటికి పోయి కూర్చున్నాడు. ఆ గొడవ మీద ముసాయిదా రాసింది వరాహమూర్తే. 'చార్జి పూర్తిగా అప్పగించనిదే ఏ ఉద్యోగిని, ఏ కారణము చేతనైనను విడుదల చేయరాదు.' ఏ కారణము చేతనైనను అన్న ముక్క పైవాళ్లకి తెగ నచ్చి, రాష్ట్రమంతా పంపించారు. ఆ రోజు ఆయన ఇంట్లో పాయసం చేయించుకుని తిన్నాడు.

ఇంటికొచ్చి భార్యకి మెమో చదివి వినిపించాడు. ఆమె గ్రాంథికమంతా ఓపిగ్గా విని, "అయితే మూడో తారీకు మాటేటి?" అంది.

"రూలుంది కదా."

"ఆ రూలు ఎవులు రాసినారు?"

వరాహమూర్తి కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. నూకరత్నం లేచింది. అక్క కోసం పట్టిన ఆవకాయ జాడీని అటక మీంచి ముందే దింపి ఉంచింది, దాన్ని మళ్లీ అటక ఎక్కించింది. అది చూసి ఆయనకి అన్నం దిగలేదు.

మర్నాడు ఆయన జవాబు రాశాడు. కంపెనీ ఎప్పుడో మూతపడిందని మనవి చేశాడు. మూసివేత ఉత్తర్వు నకలు జతపరచమని శాఖ అడిగింది. లేదన్నాడు. ఉత్తర్వు లేనందున కంపెనీ నడుచుచున్నట్లే భావించవలెనని, నడుచుచున్నందున బండి ఆలస్యంపై రోజువారీ నివేదిక పంపవలెనని శాఖ తేల్చింది.

ఇక్కడ ఒక నిజం చెప్పుకోవాలి. ఇంకో మనిషైతే తల బాదుకునేవాడు. వరాహమూర్తి స్కేలు తీశాడు. పదకొండు గడులతో నమూనా గీశాడు. ఆలస్యం సంవత్సరాల్లో, నెలల్లో, రోజుల్లో, నిమిషాల్లో. లీపు సంవత్సరాలు కలిపి లెక్కించడమైనదని కింద సన్నటి అక్షరాల్లో గమనిక. గీస్తున్నంతసేపూ తన మెడకి తాడు పేనుకుంటున్నానని తెలుసు. అయినా గీతలు తిన్నగా వస్తుంటే ఆయనకి ఆనందం ఆగలేదు. నమూనా శాఖవారికి ఎంత నచ్చిందంటే దాన్ని అన్ని జిల్లాలకీ పంపించారు. ఒక్క పట్టా కూడా లేని ఒక కొండ మండలం వాళ్లు, మా దగ్గర ఆలస్యం లేదని రోజూ రాసి పంపడం మొదలుపెట్టారు. వాళ్లకి సమయపాలనలో ప్రశంసాపత్రం వచ్చింది.

తరవాత పట్టాల మీద పడ్డారు. పట్టాలు యథాస్థానంలో ఉన్నవా అని ప్రశ్న. కంపెనీ పోయాక ఊరివాళ్లు పట్టాలు పీకి ఇళ్లకి దూలాలుగా వేసుకున్నారు. తహశీల్దారు అద్దెకున్న ఇంటికి కూడా నాలుగున్నాయి. వరాహమూర్తి ఆలోచించి ఆలోచించి, 'పట్టాలు భద్రముగా ఉన్నవి. అయితే నేల మీద గాక కప్పుల కింద ఉన్నవి' అని రాశాడు. అవి కిందికి దిగువరకు బండిని తగు జాగ్రత్తతో నడుపుకోవచ్చునని శాఖ అనుమతించింది. జాగ్రత్తలో భాగంగా గంగులికి నోటీసు వచ్చింది. అతని టీ కొట్టు మెయిన్ లైను మీద ఉన్నందున, బండి వచ్చుటకు అరగంట ముందు కొట్టు తీసి పక్కన పెట్టి, బండి పోయిన పిదప తిరిగి పెట్టుకొనవలెను. తనకొక కొట్టుందని ప్రభుత్వం ఒప్పుకోవడం అదే మొదలు కాబట్టి గంగులు ఆ నోటీసుకి అద్దం కట్టించి వెంకటేశ్వరస్వామి పటం పక్కన తగిలించాడు.

నవంబరు ఇరవైన శాఖ జాయింట్ డైరెక్టరు కోదండపాణి స్వయంగా సమీక్షకి వచ్చాడు. నిండు విగ్రహం, నిండు గొంతు. కూర్చోగానే, వారసత్వమంటే వెనక్కి చూడడం కాదు, ముందుకి వెనక్కి చూడడం అన్నాడు. సుగుణాకర్ ఆ మాట రాసుకున్నాడు. వరాహమూర్తి నిలబడి, ఇంజను తుక్కు కింద పోయిందనీ, పెట్టెలు చెదలు తిన్నాయనీ, ఇక బండి చేరే దారి లేదనీ, తన భార్య అక్క చాలా పెద్దదైపోయిందనీ చెప్పుకున్నాడు. చివరి ముక్క ఎజెండాలో లేదు గనక నమోదు చేయలేదు.

కోదండపాణి కళ్లు మూసుకుని ఆలోచించి, బండి అంటే ఏమిటని సభని అడిగాడు. జవాబు కూడా తనే చెప్పాడు.

"బండి అంటే ఇంజను కాదయ్యా, ప్రయాణికులు. వాళ్లు చేరితే బండి చేరినట్టే. ప్రజలకి కావలసింది ఇనుము కాదు, ఫలితం."

ఆ ఇరవై ముగ్గురి పేర్లూ వరాహమూర్తి పుస్తకం చివర ఉన్నాయి. వాళ్ల వారసులని పట్టుకుని, పూసలరేవులో బండి ఎక్కించి, ముప్పయ్యో తారీకు సాయంత్రం ఆరూ పదికి జీలుగువలసలో దింపాలని తీర్మానించారు. గ్రామ రెవెన్యూ అధికారులు రేషన్ కార్డు ఇవ్వడానికి రెండేళ్లు తీసుకునేవాళ్లు, రెండు రోజుల్లో ముత్తాతల వారసులని పట్టుకొచ్చారు. ఒకాయన తన ముత్తాత కిటికీ పక్కన కూర్చున్నాడు కాబట్టి తనకీ కిటికీ కావాలన్నాడు. ఒక ప్రయాణికుడి వెంట మేక ఉన్నట్టు పుస్తకంలో ఉంది. మేకకి వారసుల ధ్రువపత్రం ఎలా ఇవ్వాలో తెలియక ఒక అధికారి మార్గదర్శకాలు కోరాడు. అవి ఇంతవరకు రాలేదు, అందుబాటులో ఉన్న మేకని ఎక్కించారు.

ముప్పయ్యో తారీకు వచ్చింది. స్టేషనంటే వరాహమూర్తి ఇంటి పక్కన ఒక పెంకుల గది, దాని ముందు నలభై అడుగుల అరుగు. అరుగుకి సున్నం కొట్టించారు. పట్టా ముక్కకి పసుపు రాశారు. రేవులో ట్రాక్టరుకి అట్టతో ఇంజను ముఖం కట్టి, వెనక రెండు ట్రక్కులు తగిలించి, ఇరవై ముగ్గురినీ మేకనీ ఎక్కించి మూడున్నరకి బయల్దేరదీశారు. వరాహమూర్తి రిజిస్టరు తెరిచి, నూట ఇరవై ఏడేళ్ల కిందటి ఖాళీ గడి ఎదురుగా పెన్ను పట్టుకుని కూర్చున్నాడు. తన ముత్తాత కూర్చున్న బల్లే అది.

ఐదింటికి ఫోను వచ్చింది. ట్రాక్టరు ఇసుక దిబ్బ దగ్గర కూరుకుపోయింది.

కారులో వస్తున్న కోదండపాణి, తోయించండి అని ఫోనులో ఆదేశించాడు. వారసులు దిగి తోశారు. తోసేవాళ్లు ప్రయాణికులా సిబ్బందా అని ఒకాయన ప్రశ్న లేవనెత్తాడు. అట్ట ఇంజను ముఖం ఊడి పడింది. ట్రాక్టరు కదల్లేదు. పొద్దు వాలుతోంది, ఇళ్ల దగ్గర పనులున్నాయి, మేక అరుస్తోంది. ఒకరిద్దరు చెప్పులు దులుపుకుని ఊరి దారి పట్టబోతున్నారని వారసుల వెంట వస్తున్న సుగుణాకర్ ఫోనులో ఏడుపు గొంతుతో చెప్పాడు.

వరాహమూర్తి రిజిస్టరు వంక చూశాడు. ఇప్పుడు వాళ్లు ఇళ్లకి పోతే ఆ గడి ఇంకో నూరేళ్లు ఖాళీగా ఉంటుంది. మూడో తారీకు రైలు పోతుంది. అప్పలకొండ ఈసారి ఫోను కూడా ఎత్తదు. జీవితంలో మొదటిసారి ఆయనకి రూలు మీద కోపం వచ్చింది, కానీ కోపం వస్తే ఏం చేయాలో తెలియలేదు.

నూకరత్నం వంటింట్లోంచి వచ్చింది. "గంట కొట్టండి. ఇనబడితే నడిసొస్తారు," అంది.

"ఇంకా ఐదుంపావే."

ఆమె ఆయన్ని పక్కకి నెట్టి సుత్తి అందుకుంది. ఆయన ఊళ్లో లేనప్పుడల్లా కొట్టిన చెయ్యే అది. పట్టా ముక్క ఊరు అదిరేలా మోగింది. బెల్లం మార్కెట్లో కాటాలు దింపాలా వద్దా తెలియక కొట్టుమిట్టాడారు. దర్జీ గడియారం తప్పని ముల్లు తిప్పేశాడు. గంగులు కొట్టు ఎత్తి పక్కన పెట్టేశాడు. ఆమె ఆపకుండా కొడుతూనే ఉంది. అలా కొడుతూ ఏడ్చింది కూడా, గంట చప్పుడులో అది వరాహమూర్తికి ఒక్కడికే కనిపించింది.

దిబ్బ దగ్గర ఆ చప్పుడు వినబడింది. ఆనాడు పెంటయ్య కొట్టింది తుఫానులో వాళ్ల ముత్తాతలకి వినబడలేదు. చిన్నప్పటినుంచీ రోజూ వినే గంట, ఈసారి తమ కోసమే మోగుతోందని తెలిసేసరికి వారసులకి ఏమనిపించిందో, ఇంటి దారి పట్టినవాళ్లు కూడా వెనక్కి తిరిగారు. ఒకరి వెనక ఒకరు పాత గట్టు మీద నడిచారు. ఆరూ పది అయ్యేసరికి మోకాళ్ల దాకా దుమ్ముతో, ముందు మేకతో, ఇరవై ముగ్గురూ అరుగెక్కారు.

వరాహమూర్తి ఖాళీ గడిలో 'చేరినది' అని రాశాడు. ఆలస్యానికి కారణం అన్న గడిలో, 'ఇసుక దిబ్బ, తుఫాను, తీగ తెగుట, తదుపరి పరిపాలనా కారణములు' అని రాశాడు. కోదండపాణి అది చదివించుకుని, అందులో ఎవరినీ నిందించనందుకు మెచ్చుకున్నాడు. తరవాత ఫొటోల కార్యక్రమం మొదలైంది. ఆయన సుత్తి పుచ్చుకుని గంట కొట్టాడు. ఎర్రజెండా ఒకసారి, పచ్చజెండా ఒకసారి ఊపాడు. దీపం ఎత్తి పట్టుకున్నాడు. రిజిస్టరు చంకలో పెట్టుకుని నవ్వాడు. కెమెరావాళ్లు అన్నీ ఒకేసారి పట్టుకోమంటే అలాగే పట్టుకున్నాడు.

అప్పుడు నూకరత్నం పళ్లెంలో పూలదండా, అట్ట మీద ఒక కాగితమూ పెట్టుకుని ముందుకొచ్చింది. "సంతకం ఇక్కడ బాబూ. పేరు, హోదా, తారీకు కూడా," అంది.

కోదండపాణి రోజుకి నాలుగొందల సంతకాలు పెట్టే మనిషి. చదివి పెట్టేదైతే నాలుగు కూడా అవవు. దండకి మెడ వంచుతూనే సంతకం గీసి, పేరూ హోదా రాసి, తారీకు వేశాడు.

ఆ కాగితం ఏమిటో వరాహమూర్తికి దూరం నుంచే తెలిసింది. ఆరు వస్తువుల జాబితా తన దస్తూరీలోనే ఉంది, ఎప్పటికైనా పనికొస్తుందని రాసి పెట్టుకున్నదే. కింద 'పై వస్తువులు ముట్టినవి' అని ఉంది. ముట్టినవి ఆయన చేతుల్లోనే ఉన్నాయి. అంతకన్నా బాధ్యత గల హోదా ఆ జిల్లాలో ఆ పూట ఇంకోటి లేదు. సార్‌కి చెప్పాలని వరాహమూర్తి నోరు తెరిచాడు. భార్య ఆయన వంక ఒక్క చూపు చూసింది. 'ఏ కారణము చేతనైనను' అన్న ముక్క ఎందుకో గుర్తొచ్చి, నోరు మూసుకున్నాడు. సుగుణాకర్ విడుదల ఉత్తర్వు చేతికిచ్చి శాలువా కప్పాడు. అంచు తాననుకున్న రంగు కాదు గానీ, ఆయన గమనించలేదు.

మూడో తారీకు మధ్యాహ్నం జంక్షన్లో రైలెక్కారు. ఆవకాయ జాడీ నూకరత్నం ఒళ్లోనే ఉంది. సాయంత్రమవుతుండగా కోదండపాణి ఫోను చేశాడు. నిండు గొంతు సగానికి వచ్చింది. తన సెక్షన్ అధికారే ఫొటోలూ జాబితా చూసి తన మీద మెమో పెట్టాడనీ, చార్జి వేరొకరికి అప్పగించేవరకు జీలుగువలస విడిచి వెళ్లరాదన్నాడనీ, గంగులు కొట్టు వెనక గదిలో ఉంటున్నాననీ చెప్పుకుని, చివరికి అసలు విషయానికొచ్చాడు.

"ఇంతకీ గంట ఎన్నింటికి కొట్టాలయ్యా?"

"నా పుస్తకం నలభై ఏడో పేజీలో ఉంది సార్."

"ఏ పుస్తకం?"

వరాహమూర్తి నొచ్చుకోలేదు. టైము చెప్పి, సుత్తి ఎలా పట్టుకోవాలో, మూడో దెబ్బ తరవాత ఎంతసేపు ఆగాలో పూర్తిగా వివరించాడు. ఫోను పెట్టేశాక కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాడు. ఆరూ పది అయ్యింది. కుడి చెయ్యి దానంతటదే లేచింది. ఇంకెవరో కొడుతుంటారు ఇప్పుడు, తప్పుగా కొడుతుంటారు, అయినా కాటాలు దిగుతాయి. అది తలుచుకుంటే ఆయనకి దుఃఖం వచ్చింది. నూకరత్నం లేచిన ఆ చేతిలో రెండు జంతికలు పెట్టింది.

తెల్లారేసరికి చేరాల్సిన రైలు మూడు గంటలు ఆలస్యంగా ఖరగ్‌పూర్ చేరింది. ఆ ప్లాట్‌ఫారం ఎంత నడిచినా తరగలేదు. నలభై అడుగుల అరుగు కోసం తాను కాపలా కాసిన సంవత్సరాలు లెక్కపెట్టుకుంటూ వరాహమూర్తి జాడీ మోసుకుని నడిచాడు. చివర్లో ఒక బెంచీ దగ్గర అప్పలకొండ నిలబడి ఉంది. జుట్టు పూర్తిగా తెల్లబడింది, మనిషి సగమైంది. కూర్చుంటే కనబడనేమోనని మూడు గంటలూ నిలబడే ఉందట. నూకరత్నం "అప్పా" అని అక్కని పిలుస్తూ పరిగెత్తి ఆమె భుజం మీద తల పెట్టేసింది.

కాసేపయ్యాక అప్పలకొండ చెల్లెలి తల మీంచి ఆయన వంక చూసింది. "ఇన్నాళ్లూ ఎందుకు రానేదు బాబూ?" అంది. కోపంగా అనలేదు. నిజంగా తెలుసుకోవాలనే అడిగింది.

ఆ నెలంతా రోజూ పదకొండు గడుల్లో ఆలస్యానికి కారణాలు రాసిన మనిషాయన. తుఫాను, తీగ, ఎన్నికలు, జనాభా లెక్కలు, పరిపాలనా కారణములు అన్నీ వరసగా నోటిదాకా వచ్చాయి. ఒక్కటీ బయటికి చెప్పదగ్గది కాకపోయింది.

"బుద్ధి లేక, వదినా," అన్నాడు.

అప్పలకొండ ఆయన చేతిలోంచి జాడీ అందుకుంది. "సర్లే, చేరినారు కదా," అంది.